కాలాన్ని కొలిచినవారు – కాలాన్ని మార్చినవారు

భాగవతంలోని రైవతుని కథ మన విద్యార్థులలో చాలామందికి తెలిసినదే. కుమార్తె రేవతికి తగిన వరుడెవరో అడిగి తెలుసుకోవటానికి ఆయన బ్రహ్మలోకానికి వెళ్లాడు. అక్కడ గానసభ జరుగుతున్నది. అది ముగిసేదాకా క్షణకాలం వేచి నిలిచాడు. ఆ క్షణం గడిచేసరికి భూలోకంలో ఎన్నో మహాయుగాలు దొర్లిపోయాయి. తాను మనసులో అనుకొని వచ్చిన వరులు లేరు. వారి మనుమలూ లేరు. పవిత్ర ఖురానులో గుహావాసుల వృత్తాంతం ఉన్నది. కొందరు యువకులు ఒక గుహలో నిద్రపోయి లేచి, ఒక పూటో ఒక దినమో గడిచిందనుకొన్నారు. గడిచినవి మూడు వందల సంవత్సరాలు, వాటిపై తొమ్మిది. ఆ తొమ్మిది ఎందుకు విడిగా చెప్పబడినదని ప్రశ్నించుకొన్న వ్యాఖ్యాతలలో కొందరు చక్కని సమాధానం చెప్పారు. 300 సౌర సంవత్సరాలను చాంద్రమానంలో లెక్కిస్తే 309 అవుతాయి. సౌర సంవత్సరానికి 365.2422 దినాలు, చాంద్ర సంవత్సరానికి 354.367 దినాలు. విద్యార్థులు కాగితం తీసుకొని లెక్క సరిచూసుకోవచ్చు.

ఇటువంటి కథలు చదివినప్పుడు, కాలమనే గుర్రానికి కళ్లెం వేసి, కావలసినప్పుడు ఆపి, కావలసినప్పుడు నడిపించగల పండితుల కూటమి ఒకటి ఎక్కడో ఉంటే ఎంత బాగుండును అనిపిస్తుంది. కథలలో అటువంటి కూటములకు కొదువ లేదు. కాని చరిత్రలో కూడ కాలాన్నే వృత్తిగా చేసుకొన్న పండితులు ఉన్నారు. వారిలో కాలాన్ని కొలిచినవారున్నారు; మార్చినవారూ ఉన్నారు. ఈ ఇద్దరి మధ్య గల భేదాన్ని విద్యార్థుల ముందుంచటమే ఈ వ్యాసంలో మా ఉద్దేశం.

దీనికి ప్రేరణ మా తరగతిలోని ఒక ప్రశ్న. రంజాను పండుగ సెలవుల తరువాత ఒక విద్యార్థిని లేచి, "సార్, చంద్రుడు ఒక్కడే గదా! పండుగ రెండు రోజులు ఎందుకు వచ్చింది?" అని అడిగింది. తరగతిలో కొందరు నవ్వారు. ఆమె నవ్వలేదు. ఆమె ఇంట్లో పండుగ చేసుకొని, తల్లి ఇచ్చిన షీర్‌ఖుర్మా గిన్నె పట్టుకొని, మూడు వీధుల అవతల ఉన్న తాతగారింటికి వెళ్లిందట. తాతగారు ఆనాడు ఇంకా ఉపవాసంలోనే ఉన్నారు. గిన్నెను చూచి ఏమీ అనలేదట; ముఖం మాత్రం పక్కకు తిప్పుకొన్నారట. ఆమె ఆ గిన్నెను అలాగే తిరిగి తెచ్చింది. ఆనాడు మేము చెప్పిన సమాధానం ఆమెకే కాదు, మాకే తృప్తి కలిగించలేదు. ఈ వ్యాసం ఆ సమాధానాన్ని మళ్లీ చెప్పే ప్రయత్నం.

మాటలు చెప్పే చరిత్ర

ముందుగా మాటలతో ఆరంభిద్దాం. తెలుగువారు దినానికి అరవై గడియలని లెక్కించారు. ఒక గడియ 24 నిమిషాలు. ఒక విగడియ 24 సెకన్లు. అడుగున సన్నని రంధ్రం గల గిన్నెను నీటిలో వదిలితే, అది నిండి మునగటానికి పట్టే కాలం ఒక గడియ. దానిని చూచి గంట కొట్టే కావలివారు ఉండేవారు. బాబరు చక్రవర్తి తన ఆత్మకథలో ఈ పద్ధతిని శ్రద్ధగా వర్ణించాడు. రాత్రివేళ గడియల సంఖ్య కొట్టిన తరువాత అది ఎన్నవ జామో తెలిసేటట్లు మరల కొట్టవలెనని తాను ఏర్పాటు చేయించినట్లు కూడ వ్రాశాడు. నిద్రలో సగం మెలకువ వచ్చినవానికి గడియ ఒక్కటే తెలిస్తే చాలదు గదా!

సంస్కృత 'ప్రహరం' ఉత్తరాదిన 'పహర్' అయి, 'పహరా'గా మారి, మళ్లీ మన తెలుగులోనికి కావలి అనే అర్థంతో వచ్చి చేరింది. తెలుగువాడు నిత్యం వాడే 'తారీఖు' అరబ్బీ మాట. ఆ భాషలో దానికి తేదీ అనీ చరిత్ర అనీ రెండర్థాలు. 'వాయిదా' కూడ అక్కడిదే. ఇక ఉర్దూ కుటుంబాలలో పంచాంగం వంటి పుస్తకాన్ని 'జంత్రీ' అంటారు. అది సంస్కృత 'యంత్ర' శబ్దం నుండి పుట్టినది. అంటే తెలుగువాడు దినాన్ని అరబ్బీలో పిలుస్తున్నాడు. ఉర్దూ మాట్లాడేవాడు తన పంచాంగాన్ని సంస్కృతంలో పిలుస్తున్నాడు. కాలం విషయంలో ఈ రెండు భాషలు ఏనాడో ఇచ్చిపుచ్చుకొన్నవి.

మాసాన్ని వాయిదా వేసినవారు

కాలాన్ని మార్చినవారి మాట ముందు చెప్పుకొందాం. ఇస్లాముకు పూర్వం అరేబియాలో నాలుగు మాసాలు పవిత్రమైనవిగా ఎంచబడేవి. వాటిలో యుద్ధం నిషిద్ధం. జుల్‌ఖాదా, జుల్‌హజ్జ, ముహర్రం అనే మూడు మాసాలు వరుసగా వచ్చేవి. దోపిడీలతో, దండయాత్రలతో జీవించే తెగలకు మూడు నెలలు కత్తి ఒరలో పెట్టుకొని కూర్చోవటం కష్టమయ్యేది. అందుకు వారు ఒక ఉపాయం చేశారు. కినానా తెగలో ఒక వంశంవారికి మాసాలను ప్రకటించే అధికారం పరంపరగా వచ్చింది. వారిని 'కలమ్మస్' అనేవారు. యాత్ర ముగిసే వేళ ఆ వంశపు పెద్ద జనసమూహం ముందు నిలిచి, ఈ యేడు ముహర్రం పవిత్రతను సఫర్ మాసానికి జరిపానని ప్రకటించేవాడు. ఇంకేముంది? కత్తులు ఒరలు వదిలేవి. ఆకాశంలో చంద్రుడు మారలేదు. భూమిమీద మాసం పేరు మారింది. ఈ పద్ధతికి 'నసీ' అని పేరు. అనగా వాయిదా వేయటం.

ఖురాను ఈ నసీని ఖండించింది. హిజ్రీ 10వ సంవత్సరంలో, అనగా క్రీ.శ. 632లో, ప్రవక్త తమ అంతిమ యాత్రోపన్యాసంలో కాలం మళ్లీ తన మొదటి స్థితికి వచ్చిందని ప్రకటించి, సంవత్సరానికి పన్నెండు మాసాలేనని స్థిరపరచారు. నాటినుండి హిజ్రీ సంవత్సరంలో అధికమాసం లేదు. మన తెలుగు సంవత్సరం కూడ చాంద్రమాసాలతోనే నడుస్తుంది. కాని పందొమ్మిది సంవత్సరాలలో సుమారు ఏడు అధికమాసాలను చేర్చి, ఋతువులతో పొత్తు కలుపుకొంటుంది. అందువల్ల ఉగాది ఎన్నడూ వసంతాన్ని విడిచిపోదు. పీర్ల పండుగ మాత్రం ఏటా సుమారు పదకొండు దినాలు ముందుకు జరుగుతూ, ముప్పైమూడు సంవత్సరాలలో అన్ని ఋతువులను చుట్టి వస్తుంది. ఒకటి ఋతువుకు విశ్వాసపాత్రం, మరొకటి చంద్రునికి. రెండూ సక్రమమైన పద్ధతులే; నియమం ముందే తెలిసి ఉండటమే ఆ సక్రమతకు మూలం. కలమ్మస్ చేసిన తప్పు అధికమాసం కలపటం కాదు, అవసరం చూచి కలపటం.

ఈ దోషం అరేబియాకు మాత్రమే పరిమితం కాదు. ప్రాచీన రోములో అధికమాసాన్ని నిర్ణయించే అధికారం పురోహిత మండలి చేతిలో ఉండేది. తమ పక్షంవారు పదవిలో ఉంటే సంవత్సరాన్ని పొడిగించటం, గిట్టనివారు ఉంటే కుదించటం జరిగేది. చివరకు మాసాలు ఋతువులకు దూరమైపోగా జూలియస్ సీజరు క్రీ.పూ. 46వ సంవత్సరాన్ని 445 దినాలకు పొడిగించి లెక్క సరిచేయవలసి వచ్చింది.

మువక్కిత్

ఇక కాలాన్ని కొలిచినవారు. ముస్లిములకు దినానికి అయిదు నమాజులు విధింపబడినవి. వాటి వేళలు గడియారాన్ని అనుసరించవు, సూర్యుని అనుసరిస్తాయి. తొలివెలుగు తూర్పున అడ్డంగా పరచుకొన్నప్పుడు ఫజర్. సూర్యుడు నడినెత్తి దాటగానే జుహర్. వస్తువు నీడ నిర్ణీత ప్రమాణానికి పెరిగినప్పుడు అసర్. అస్తమయంతో మగ్రిబ్. సంధ్యాకాంతి పూర్తిగా సమసినప్పుడు ఇషా. ఊరు మారితే ఈ వేళలు మారుతాయి. ఊరు మారకపోయినా దినదినానికి మారుతాయి. ఇంతటి చరాచర గణితం మసీదులో బాంగు ఇచ్చేవారి కంటిచూపుతో ఎంతకాలమని సాగుతుంది?

పదమూడవ శతాబ్దిలో ఈజిప్టులో ఒక కొత్త ఉద్యోగం కనిపిస్తుంది. దానిపేరు మువక్కిత్. 'వక్త్' అనగా వేళ. వేళను నిర్ణయించేవాడు మువక్కిత్. ఇతడు మసీదుకు అనుబంధించిన ఖగోళశాస్త్రజ్ఞుడు. సూర్యునివలె వంశగౌరవాలను చూడని ఉద్యోగం ఇది. గణితం వచ్చినవాడే దీనికి అర్హుడు.

ఈ కూటమికి తలమానికం డమాస్కస్ నగరంలోని ఇబ్న్ అల్ షాతిర్. ఆయన పద్నాలుగవ శతాబ్ది ఆరంభంలో జన్మించాడు. బాల్యంలోనే తండ్రి చనిపోగా, చెక్కపై దంతపుపని చేయటం నేర్చుకొని బ్రతికాడు. ఆ చేతిపని ఆయన శాస్త్రానికి ఎంతగా అక్కరకు వచ్చిందో పరికరాలను చూస్తే తెలుస్తుంది. తరువాత ఉమయ్యద్ మహామసీదులో ప్రధాన మువక్కిత్ అయ్యాడు. 1371లో ఆ మసీదు మినారుపై నిలపటానికి రెండు మీటర్ల పొడవు, ఒక మీటరు వెడల్పు గల పాలరాతి పలకపై ఛాయాయంత్రాన్ని చెక్కించాడు. దానిలో నీడపడే కడ్డీ భూమి అక్షానికి సమాంతరంగా ఉంటుంది. దానివల్ల సంవత్సరం పొడుగునా గంటలు సమానంగా నడుస్తాయి. అసలు పలక పంతొమ్మిదవ శతాబ్దిలో పగిలిపోగా 1876లో దాని ప్రతిరూపాన్ని నిలిపారు. చంద్రగమనానికి ఆయన చేసిన గణిత నమూనా, ఆయన తరువాత నూటయేబది ఏండ్లకు పైబడి కోపర్నికస్ చేసిన నమూనాతో సరిపోతున్నదని 1950ల దశకంలో చరిత్రకారులు గుర్తించారు. ఆ ఆధునికుల లెక్కల సంగతి అలా ఉంచి, ఒక మసీదు ఉద్యోగి నమాజు వేళలు చూచుకొంటూ గ్రహగతులను తిరిగి లిఖించాడన్న విషయాన్ని విద్యార్థులు మనసున పెట్టుకోవాలి.

అదే నగరంలో అదే కాలంలో షమ్సుద్దీన్ అల్ ఖలీలీ అనే మరొక మువక్కిత్ ఉండేవాడు. డమాస్కసులో సంవత్సరంలోని ప్రతి దినానికి నమాజు వేళలను పట్టికలుగా వ్రాశాడు. అవి పంతొమ్మిదవ శతాబ్ది వరకు వాడుకలో ఉన్నవి. ఏ అక్షాంశ రేఖాంశాలలో ఉన్నవాడు ఏ దిక్కుకు తిరిగితే మక్కాకు అభిముఖుడవుతాడో తెలిపే సుమారు 3,000 అంకెల పట్టిక మరొకటి. గణన యంత్రం లేని రోజులలో, దీపం వెలుగులో, ఒక్క మనిషి చేసిన పని అది.

ఈ విద్యకు కష్టాలూ వచ్చాయి. కొన్నిసార్లు అజ్ఞానం, కొన్నిసార్లు అధికారం అడ్డుపడ్డాయి. అల్ బిరూనీ ఛాయలను గూర్చి వ్రాసిన గ్రంథంలో ఒక సంఘటన చెప్పాడు. నమాజు వేళను తెలిపే ఒక పరికరంపై రూమీల మాసాల పేర్లు చెక్కి ఉన్నవని, అది అన్యుల అనుకరణ అని ఒకడు దానిని మసీదులో పెట్టనివ్వలేదట. రూమీలు అన్నం కూడ తింటారు, అంగడివీథిలో కూడ నడుస్తారు, మరి ఆ రెండు పనులూ మానుకో అని వానికి సమాధానం వచ్చిందట! ఇక ఇస్తాంబులులో తఖీయుద్దీన్ అనే పండితుడు సెకన్లను సైతం లెక్కించగల గడియారాన్ని రూపొందించి, 1577లో గొప్ప నక్షత్రశాలను నెలకొల్పాడు. 1580లో రాజాజ్ఞతోనే దానిని కూల్చివేశారు. సమర్కందులో నలభై మీటర్ల వ్యాసార్ధం గల కోణమాపకాన్ని నిర్మించిన ఉలుగ్ బేగ్ 1449లో స్వంత కుమారుని ఆజ్ఞతో హతుడయ్యాడు. కాని ఆయన నక్షత్రపట్టిక బ్రతికింది. మన దేశంలో సవాయి జైసింగు మహారాజు ఆ పట్టికలను ఎదుట పెట్టుకొని తన వేధశాలలు కట్టించాడు. తన గణనలను పారసీక భాషలో వ్రాయించి మొగలు చక్రవర్తి ముహమ్మద్ షా పేర వెలువరించాడు. జైపూరులో ఆయన నిలిపిన సమ్రాట్ యంత్రం ఎత్తు సుమారు 27 మీటర్లు. దాని నీడనుబట్టి కాలాన్ని రెండు సెకన్ల వరకు చదవవచ్చును. దంతపుపని చేసిన అనాథ, హతుడైన రాకుమారుడు, రాజపుత్ర మహారాజు – వీరిని ఒక కూటమిగా కలిపినది కులం కాదు, మతం కాదు, కొలత.

ఒక కర్ర, ఒక నీడ

ఈ కొలత ఎంత సులభమో ఒక ఉదాహరణ చూద్దాం. ఒక మీటరు కర్రను చదునైన నేలపై నిటారుగా పాతండి. హైదరాబాదు అక్షాంశం సుమారు 17 డిగ్రీల 22 నిమిషాలు. మార్చి 21 ప్రాంతంలో పగలూ రాత్రీ సమానమైన దినాన, సూర్యుడు నడినెత్తికి చేరే వేళ ఆ కర్ర నీడ సుమారు 31 సెంటీమీటర్లు ఉంటుంది. ఆ దినానికి అదే అతి చిన్న నీడ. అది మళ్లీ పెరగటం ప్రారంభించగానే జుహర్ ప్రవేశించినట్లు. ఆ 31కి కర్ర పొడవు 100 కలిపి, నీడ 131 సెంటీమీటర్లు అయినప్పుడు అసర్ అని షాఫయీలు మొదలైన వారి నిర్ణయం. కర్ర పొడవుకు రెండింతలు కలిపి 231 సెంటీమీటర్లు కావాలని హనఫీల నిర్ణయం. లెక్కవేస్తే మొదటిది మధ్యాహ్నం తరువాత సుమారు 3 గంటల 22 నిమిషాలకు, రెండవది 4 గంటల 22 నిమిషాలకు వస్తుంది. అంటే తేడా ఒక గంట.

మరొక విశేషం. మే 9 ప్రాంతంలోను, మళ్లీ ఆగస్టు 3 ప్రాంతంలోను, హైదరాబాదులో మధ్యాహ్నవేళ ఆ కర్రకు నీడే ఉండదు. సూర్యుడు సరిగ్గా శిరస్సుపై ఉంటాడు. ఆ రెండు దినాల మధ్యకాలంలో మధ్యాహ్నపు నీడ ఉత్తరానికి కాక దక్షిణానికి పడుతుంది. మనలో ఎంతమందిమి దీనిని కంటితో చూచాం? పుట్టి పెరిగిన ఊరి ఆకాశాన్ని చూడకనే పట్టాలు పుచ్చుకొంటున్నాం.

పంట, పన్ను, పంచాంగం

కాలగణన కేవలం పుణ్యకార్యాలకు సంబంధించినది కాదు. రైతు కడుపుకు కూడ సంబంధించినది. చాంద్ర సంవత్సరం సౌర సంవత్సరం కంటె పదకొండు దినాలు చిన్నది. కనుక 32 పంటలు పండే కాలంలో చాంద్రమానాన 33 సంవత్సరాలు గడుస్తాయి. పన్ను చాంద్రమానాన్నిబట్టి వసూలైతే రైతు 32 పంటలకు 33 పన్నులు చెల్లించాలి. లేని పంటకు ఉన్న పన్ను! అక్బరు చక్రవర్తి ఈ అన్యాయాన్ని గమనించి 1584లో 'ఇలాహీ' అనే సౌర సంవత్సరాన్ని ప్రవేశపెట్టాడు. దానిని రూపొందించిన ఫతహుల్లా షీరాజీ అంతకుముందు మన దక్కనులోనే, బీజాపూరు ఆస్థానంలో ఉన్న పండితుడు. దక్కనులో ఖగోళాసక్తి అంతకుముందే ఉన్నది. 1407లో ఫిరోజ్ షా బహమనీ దౌలతాబాదు వద్ద వేధశాల కట్టటం ప్రారంభించాడు. పండితుడు మరణించటంతో అది అసంపూర్తిగా ఆగిపోయింది.

పంటను అనుసరించే సంవత్సరమే ఫసలీ. 'ఫసల్' అనగా పంట. హైదరాబాదు రాజ్యంలో ఆజర్ మాసంతో ఆరంభమయ్యే ఫసలీ సంవత్సరమే కచ్చేరీలలో నడిచింది. క్రీస్తు శకం నుండి 590 తీసివేస్తే, అక్టోబరు తరువాతి మాసాలకు ఫసలీ సంవత్సరం వస్తుంది. అంతకుముందు మాసాలకు 591 తీసివేయాలి. 1948 సెప్టెంబరులో జరిగిన పోలీసు చర్య ఆ లెక్కన 1357 ఫసలీ. మన పెద్దల భూమి కాగితాలు తీసి చూస్తే ఉర్దూ లిపిలో ఆజర్, దై, బహ్మన్ అనే పారసీక మాసాలు కనిపిస్తాయి. ఆ తేదీని చదవలేక పొలం హద్దుల తగాదాలలో ఇబ్బంది పడేవారు మన విద్యార్థుల ఇండ్లలోనే ఉంటారు. ఇక్కడ కూడ కాలాన్ని మార్చారు గదా అని ఎవరైనా అడుగవచ్చు. నిజమే. కాని ఈ మార్పులో లాభం పొందినది కత్తి పట్టినవాడు కాదు, నాగలి పట్టినవాడు. నియమం అందరికీ ముందే చెప్పారు. నసీకీ ఫసలీకీ భేదం అదే.

స్వాతంత్ర్యం తరువాత మన ప్రభుత్వం కూడ ఈ ప్రశ్నను ఎదుర్కొన్నది. 1952లో మేఘనాథ సాహా అధ్యక్షతన ఏర్పడిన సంఘం దేశంలో సుమారు ముప్పై రకాల పంచాంగాలు వాడుకలో ఉన్నట్లు గుర్తించింది. దాని సిఫారసుపై 1957 మార్చి 22వ తేదీని శక సంవత్సరం 1879 చైత్రం 1గా ప్రకటించి జాతీయ పంచాంగాన్ని ప్రారంభించారు. అది రాజపత్రంలోను, ఆకాశవాణిలోను వినిపించింది గాని, పెండ్లి ముహూర్తాలను, పండుగలను మార్చలేకపోయింది. ఆజ్ఞ వెడలినంత మాత్రాన కాలం మారదు, జనం ఒప్పుకోవాలి.

గడియారం ఏ ఊరిది?

నేడు మన చేతి గడియారం చూపే వేళ కూడ ఒక ఒప్పందమే. 1906 జనవరి 1 నుండి 82 ½ డిగ్రీల తూర్పు రేఖాంశపు వేళను దేశమంతటికీ ప్రమాణంగా తీసుకొన్నారు. ఆ రేఖ మన కాకినాడ ప్రాంతాన్ని తాకుతూ పోతుంది. అంతకుముందు రైళ్లు మద్రాసు వేళను అనుసరించేవి. బొంబాయి నగరమైతే 1955 వరకు తన స్వంత వేళను వదలలేదు. హైదరాబాదు ఆ ప్రమాణ రేఖకు నాలుగు డిగ్రీలు పడమర ఉన్నది. డిగ్రీకి నాలుగు నిమిషాల చొప్పున, మన గడియారంలో పన్నెండు కొట్టిన తరువాత సగటున పదహారు నిమిషాలకు గాని అక్కడ అసలు మధ్యాహ్నం కాదు. నవంబరు ఆరంభంలో ఈ తేడా దాదాపు సున్న, ఫిబ్రవరిలో అరగంట. జుహర్ నమాజు వేళ గడియారంలో పన్నెండుకు ఎందుకు ఉండదో దీనినిబట్టి తెలుస్తుంది.

ఆ మద్రాసు నక్షత్రశాలలోనే చింతామణి రఘునాథాచార్యులు పనిచేశారు. 1867లో ఆయన ఒక చరకాంతి నక్షత్రాన్ని కనుగొన్నారు. పరంపరగా వచ్చిన పంచాంగ గణన ఆకాశంలో కంటికి కనిపించే గ్రహస్థితితో సరిపోవటం లేదని గమనించి, దృగ్గణిత పంచాంగాన్ని వెలువరించారు. అందుకు పండితుల విమర్శనూ ఎదుర్కొన్నారు. 1874లో శుక్రగ్రహం సూర్యబింబాన్ని దాటినప్పుడు ప్రజలకు ఆ సంగతి వివరిస్తూ ఆయన వ్రాసిన పుస్తకం ఉర్దూలో కూడ వెలువడింది. వైష్ణవ పండితుడు ఆకాశాన్ని ఉర్దూలో చెప్పటం ఆ రోజులలో వింత కాలేదు. హైదరాబాదులో నవాబు జఫర్ జంగు 1901లో స్వంత ధనంతో దుర్భిణిని తెప్పించి నిజామియా వేధశాలను ఆరంభించాడు. అది తరువాత ప్రభుత్వానికి, 1919లో ఉస్మానియా విశ్వవిద్యాలయానికి చెందింది. ప్రపంచ దేశాలు పంచుకొన్న నక్షత్రపట్టికలో ఒక భాగాన్ని అక్కడివారు లక్షల నక్షత్రాలను కొలిచి పూర్తిచేశారు.

ఆ గిన్నె కథ

ఇప్పుడు ఆ విద్యార్థిని ప్రశ్నకు వద్దాం. అమావాస్య తరువాత చంద్రుడు సూర్యునికి తూర్పుగా జరిగి, తగినంత దూరమైనప్పుడే సంధ్యవేళ సన్నని రేఖగా కనిపిస్తాడు. ఆ దూరం పన్నెండు డిగ్రీలు ఉండాలని సూర్యసిద్ధాంతం చెప్పింది. పన్నెండు డిగ్రీలంటే ఒక తిథి. అందుకే తెలుగులో నెలవంకను 'విదియ చంద్రుడు' అంటాము. ఎనిమిదవ శతాబ్దిలో భారతీయ సిద్ధాంతం బాగ్దాదు చేరి అరబ్బీలోనికి అనువాదమైనది. అల్ ఖ్వారిజ్మీ నెలవంక దర్శనానికి చేసిన పట్టికలో ఈ భారతీయ సూత్రమే ఉన్నది. పండుగ చంద్రుడూ విదియ చంద్రుడూ ఒక్కడే. వానిని చూచే సూత్రమూ ఒక్కటే.

మక్కాలో సూర్యుడు మనకంటె సుమారు రెండున్నర గంటలు ఆలస్యంగా అస్తమిస్తాడు. ఆ వ్యవధిలో చంద్రుడు మరొక డిగ్రీ పైచిలుకు జరుగుతాడు. కనుక ఒకే సాయంకాలం అక్కడ కనిపించిన నెలవంక ఇక్కడ కనిపించకపోవచ్చు. ఇక మన దేశంలోనే ఒక ఊరిపై మబ్బు ఉంటుంది, మరొక ఊరిపై ఉండదు. దూరపు ఊరి సాక్ష్యాన్ని అంగీకరించాలా, మా ఊరి కంటిచూపే ప్రమాణమా అన్నది ఖగోళ ప్రశ్న కాదు, ధర్మశాస్త్ర ప్రశ్న. దానిపై విద్వాంసులు పూర్వంనుండీ రెండు విధాల చెప్పారు. కనుక తండ్రి ఇంట పండుగా అబద్ధం కాదు, తాత ఇంట ఉపవాసమూ అబద్ధం కాదు. హిందువుల ఇండ్లలోనూ దృగ్గణితం ఒక దినం, పూర్వపద్ధతి మరొక దినం చెప్పినప్పుడు ఇదే చిక్కు వస్తూ ఉంటుంది.

అసర్ విషయం గుర్తు తెచ్చుకోండి. అక్కడ భేదం ఒక గంట. అయినా దానికోసం ఎవరూ ముఖం తిప్పుకోరు. ఎందుకు? ఆ భేదం ఎంతో, ఎందుకో అందరికీ తెలుసు. కొన్ని మసీదుల గోడమీది పట్టికలో రెండు వేళలూ పక్కపక్కనే వ్రాసి ఉంటాయి. కొలత తెలిసిన భేదం పక్కన కూర్చుంటుంది. కొలత తెలియని భేదం పగగా మారుతుంది. మువక్కిత్ ఎవరినీ ఒకే పక్షానికి రప్పించలేదు. అది అతని పని కాదు. అతడు నీడను కొలిచి, అంకె వ్రాసి, ఇది ఇంత అని చెప్పి ఊరుకొన్నాడు. తన అవసరంకోసం ఆ అంకెను మార్చలేదు. అతని గొప్పతనమంతా అక్కడే ఉన్నది.

విద్యార్థులకు మా మనవి ఒకటి. మీ ఇండ్లలో అటకలమీద పాత జంత్రీలు, పంచాంగాలు, ఫసలీ తేదీలున్న కాగితాలు ఉంటే చెదలపాలు కానివ్వకండి. తెచ్చి చూపండి, ఉర్దూ చదవగలవారు తెలుగువారికి, తెలుగు చదవగలవారు ఉర్దూవారికి చదివి చెప్పండి. కళాశాల పాలకవర్గంవారికి మా విన్నపం ఇంకొకటి. కళాశాల ఆవరణలో ఎండ బాగా పడే మూల ఒక గజం జాగా ఇప్పించండి. అక్కడ మీటరు కర్రను నిలిపి, పక్కన ఒక పుస్తకం కట్టి ఉంచుదాం. ప్రతి దినం ఒక విద్యార్థి మధ్యాహ్నపు నీడను కొలిచి అందులో వ్రాస్తాడు. ఖర్చేమీ లేదు. సంవత్సరం తిరిగేసరికి మన కళాశాలకు తనదైన తక్వీం, తనదైన పంచాంగం, రెండూ ఒకే పుస్తకంలో సిద్ధమవుతాయి.

మొదటి పేజీలో మొదటి అంకె వ్రాయవలసినది ఎవరో మేము అనుకొన్నాము. ఆ విద్యార్థినిని అడిగాము, ఒప్పుకొన్నది. తాతగారిని కూడ వెంటబెట్టుకొని వస్తానన్నది.